ముగ్గులో వేయని పీట

నవంబరు 12, బుధవారం

మిర్యాలగూడలో మా ఆఫీసు కట్టిస్తున్న ఉమారాణి అక్క కొత్తింటి వంటగది కిటికీని నిన్న ఇటుకలు పెట్టి మూసేశారు. మూయమని ఫోన్ చేసింది సార్. వంటగదికి వీధివైపు కిటికీ ఉండి తీరాలని పేపర్లో రాసిందీ సారే. ఆ రాసినదాన్ని టైపు చేసింది నేను. ఆ కిటికీని ప్లాన్‌లో గీసింది నేను. మూసేసిన సంగతి మాత్రం మేస్త్రీ గౌరయ్య చెబితే తెలిసింది. అదీ ఇసుక లోడు గురించి ఫోన్ చేసి, మాటల్లో మాటగా.

"గా కిటికీ ఖతం చేసినం ఇంజినీరమ్మా. నీ కంప్యూటర్ల గూడ జర తుడిచెయ్" అన్నాడు.

నేను ఇంజినీరును కాదని ఆయనకు తెలుసు. ఇంటర్‌తో చదువు ఆగిపోతే శ్యాంసుందర్ సార్ ఆఫీసులో టైపింగుకు చేరాను. సార్ ఆర్కిటెక్టు. సూర్యాపేటలో ఆయన పేరు చెబితే ఆటోవాళ్ళు కూడా ఆఫీసు దగ్గర దింపుతారు. ఆదివారం పేపర్లో ఇళ్ళ గురించి రాస్తారు, కోదాడ కాలేజీలో సివిల్ పిల్లలకు పాఠం చెబుతారు, మిగిలిన రోజుల్లో ఇళ్ళు కట్టిస్తారు. వ్యాసం చదివినవాళ్ళు ఇల్లు కట్టించమని వస్తారు. ఆ ఇల్లు పాఠమవుతుంది. పాఠం మళ్ళీ వ్యాసమవుతుంది. ఈ మూడూ తిరిగేది నా కంప్యూటర్లోనే. సార్ చెబుతుంటే టైపు చేసి చేసి, ఆ మాటలకు బొమ్మ ఎలా వస్తుందో చూద్దామని యూట్యూబ్ పెట్టుకుని గీయడం నేర్చుకున్నాను. నాకు ఎవరూ నేర్పలేదు. నేర్పింది ఆ వ్యాసాలే.

అందులో ఇంకొకటి, పీట సంగతి రాసింది, నాకు నోటికి వచ్చు. "ఇంటికి ముగ్గు పోసిన రోజు వంటగది గీతల మధ్య ఒక పీట వేయండి. ఆ ఇంట్లో వండే మనిషిని దాని మీద కూర్చోబెట్టి, ఎటు చూడాలని ఉందో అడగండి. కిటికీ అటు పెట్టండి. మిగిలిన ఇల్లు దాని చుట్టూ కట్టండి."

ఇంత బాగా రాసిన మనిషి ఇటుకలు పెట్టించాడు.


నవంబరు 13, గురువారం

సార్ ఆఫీసుకు రాలేదు. ప్రింటర్లో ఇంకు లేదు. రేపు ఉద్యోగం మానేస్తాను.


నవంబరు 14, శుక్రవారం

సార్ వచ్చారు. కుర్చీలో కూర్చుని టేబుల్ మీద తల ఆనించి కాసేపు అలాగే ఉన్నారు. తలనొప్పి బిళ్ళ వేసుకోవడానికి నీళ్ళు అడిగారు. ఇచ్చాను. గ్లాసు కింద పెట్టేదాకా ఆగి అడిగాను.

"సార్, మిర్యాలగూడ కిటికీ ఎందుకు మూయించిన్రు?"

"నాగేష్ ఫోన్ చేసిండు. మిల్లుల ఊక బూడిద ఇంట్లకు కొడుతదట. మూయమన్నడు. మూయమన్న."

నాగేష్ అంటే ఉమారాణి అక్క భర్త. రైస్ మిల్లులో సూపర్‌వైజరు.

"అక్క ఏమన్నది సార్?"

"ఆమె ఫోన్ చెయ్యలేదు."

"మనం చేసినమా?"

కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నారు. అవి శుభ్రంగానే ఉన్నాయి.

"నీలా, వాళ్ళ ఇల్లు అది. బూడిద అబద్ధం గాదు. బాయిలర్లు మొదలైనంక ఆ రోడ్డు మీద తెల్లంగి తొడుక్కొని పోయి సూడు, తెలుస్తది."

"మరి వ్యాసంల?"

"వ్యాసంల బూడిద రాదు."

అని నవ్వబోయారు. నవ్వు సగంలో ఆగింది. తర్వాత వెంటనే పుస్తకం సంగతి ఎత్తారు. వ్యాసాలన్నీ కలిపి పుస్తకం వేస్తున్నారు. అందులో 'వంటింటి కిటికీ' చాప్టరుకు ఉమారాణి అక్క ఇంటి బొమ్మే పెట్టాం, నేను గీసిందే, కిటికీతో సహా. ప్రూఫ్ అయిందా అని అడిగారు.

అయింది అన్నాను. కాలేదు.

నాకు కోపం లేదు. తిండి సహించడం లేదు, అంతే.


నవంబరు 16, ఆదివారం. తిరుమలగిరి

ఇంటికి వచ్చాను. అమ్మ పత్తి ఏరి వచ్చి కూర్చుంది. చేతివేళ్ళ నిండా గీతలు. కొలువు మానేస్తానంటే ఎందుకని అడిగింది. చెప్పాను.

"కిటికీ కోసం కొలువు ఇడుస్తవా? మన ఇంటికి ఎన్ని కిటికీలున్నయే?"

"ఒక్కటి."

"గాడ ఏమున్నది?"

"టీవీ పెట్టినవ్."

"మరి?" అని, ఇక మాట్లాడేదేమీ లేనట్టు సంచిలోంచి పత్తి తీసి కాయ ముక్కలు ఏరడం మొదలుపెట్టింది. పక్కన కూర్చుని నేనూ ఏరాను. చాలాసేపు ఏరాక తలెత్తకుండా అడిగింది, "గా పిల్లకు అటు దిక్కు ఏం గనవడాల్నని ఉండెనో?"

నాకు తెలియదు. వీధి కనపడాలి, కిటికీ వ్యాసంలో అంతే ఉంది.

రేపు మానేస్తాను అనుకున్నాను గానీ రేపు బస్సెక్కాలి. మంగళవారం కోదాడ క్లాసు. స్లైడ్లు నా దగ్గరే ఉన్నాయి.


నవంబరు 18, మంగళవారం

కోదాడ.

ఇది రాయడానికి చెయ్యి రావడం లేదు. అయినా రాస్తాను.

క్లాసులో నా పని లాప్‌టాప్ దగ్గర కూర్చుని సార్ చెప్పినప్పుడు స్లైడు మార్చడం. సార్ పాఠం చెబితే వినాలి. ఆఫీసులో తలెత్తలేని మనిషి అక్కడ నిలబడగానే మారిపోతారు. గొంతు మారుతుంది. నేల మీద సుద్దతో నాలుగు గీతలు గీసి, ఆ గీతల మధ్య కుర్చీ వేసి, ఒక అమ్మాయిని పిలిచి కూర్చోమన్నారు. "ఇది నీ వంటగది. పొద్దున లేచి ఈడ నిలవడతవు. ఎటు సూస్తవు?" పిల్లలంతా ఫోన్లు పక్కన పెట్టేశారు. ఆ అమ్మాయి కాసేపు సిగ్గుపడి, తర్వాత నిజంగానే ఆలోచించి, కుడివైపు చెయ్యి చూపించింది. సార్ అటు గోడ మీద సుద్దతో కిటికీ గీశారు. నాకు ఇంత కోపం ఎందుకంటే ఇందుకే. ఇది చేతకాని మనిషైతే నేను పట్టించుకోను.

తర్వాతి స్లైడు ఉమారాణి అక్క ఇల్లు. కిటికీతో ఉన్న బొమ్మ. మార్చమన్నట్టు సార్ చెయ్యి ఊపారు. మార్చాను. నేనే మార్చాను.

కుర్చీలో కూర్చున్న అమ్మాయి పేరు శ్రీజ. ఆమె లేచి అడిగింది. "సార్, ఈ ఇల్లు మిర్యాలగూడలోనే కదండీ? మమ్మల్ని ఒకసారి తీసుకెళ్తారా? కాగితం మీద చూస్తే మాకు సరిగ్గా తెలియట్లేదండి."

నేను సార్ వైపు చూశాను. సార్ నా వైపు చూడలేదు.

"తప్పకుండ. ఈ శనివారమే పోదాం. బస్సు మాట్లాడుకోండ్రి."

పిల్లలు చప్పట్లు కొట్టారు.

తిరుగు ప్రయాణంలో మునగాల దాటాక సార్ కారు తోలుతూ ఎదురుగా రోడ్డునే చూస్తూ చెప్పారు.

"గౌరయ్యకు చెప్పు. ఆ ఇటుకలు తీసిపెట్టుమను. ప్లాస్టర్ కాలేదు గద, అలకనే వస్తయ్. శనివారం పిల్లలు సూసిపోయినంక మళ్ళ పెట్టుకోవచ్చు."

నేను విన్నది సరిగ్గా విన్నానా అని మళ్ళీ అడిగాను. మళ్ళీ అదే చెప్పారు.

"సార్, గిది తప్పు."

"తప్పే. నువ్వు చెప్పుడు కాదు, నాకు తెల్వదా?" అన్నారు. గొంతు పెంచలేదు. పెంచి ఉంటే నాకు తేలికగా ఉండేది. "మొదట్ల ప్రతి ఇంటికీ ముగ్గు పోసిన్నాడు నేనే పీట ఏసిన నీలా. రాసింది ఉత్తగ రాయలేదు. కూసోవెట్టి అడిగితే ఏమైతదో తెలుసా? ఆమె ఒక దిక్కు సూపిస్తది. ఆయన ఇంకో దిక్కు అంటడు. అత్త లేస్తది. ముగ్గుల నిలవడే కొట్లాడుకుంటరు. పొద్దుగూకేదాక ఆ పంచాయితీ నేనే తెంపాలె. ఒకామె పుట్టింటికి పోయింది, తెలుసా? పునాది తీయకముందే. ఇగ ఇడిసిపెట్టిన. రాసుకుంట మాత్రం ఉన్న. రాసేటప్పుడు మంచిగుంటది."

సూర్యాపేట సిగ్నల్ దగ్గర కారు ఆగింది. సార్ కళ్ళు మూసుకున్నారు. వెనక కారు హారన్ కొట్టేదాకా తెరవలేదు.


నవంబరు 19, బుధవారం

గౌరయ్యకు ఫోన్ చేసి చెప్పాను. ఇటుకలు తీయమని. చెప్పాను.


నవంబరు 20, గురువారం

పొద్దున నేరేడుచర్ల మీదుగా మిర్యాలగూడ వెళ్ళాను. బస్సు దిగి నడుస్తుంటేనే ఏదో తేడాగా అనిపించింది. ఇంతకుముందు వచ్చినప్పుడల్లా ఈ రోడ్డు నిశ్శబ్దంగా ఉండేది. ఇప్పుడు మిల్లుల పొగగొట్టాలన్నీ పనిచేస్తున్నాయి. ఆగి ఉన్న లారీల మీద, చెట్ల ఆకుల మీద, అరుగుల మీద సన్నటి నల్లటి పొర. ఇల్లు చేరేసరికి నా చున్నీ మీద కూడా పడింది. దులిపితే మరక అయింది.

గౌరయ్య కిటికీ ఇటుకలు తీసి గోడవారగా పేరుస్తున్నాడు.

"వచ్చినవా ఇంజినీరమ్మా. పెట్టుమంటరు, తియ్యుమంటరు, మళ్ళ పెట్టుమంటరు. పెండ్లిసూపులకు ఎరువు చీర గట్టిచ్చినట్టున్నది ఈ ఇంటికి. పిల్లగాళ్ళు పోయినంక ఇప్పుకోవాలె."

"పని చెయ్యి గౌరయ్యా."

"చేస్తనే ఉన్న గద. ఈసారి సిమెంటు పెట్టనా, ఉత్తగ పేర్సాల్నా? మళ్ళ ఇంకో కాలేజీ వస్తే?"

అప్పుడే ఉమారాణి అక్క గోడలకు నీళ్ళు కొట్టే పైపు పట్టుకుని వెనకనుంచి వచ్చింది. కిటికీ చూసి ఆగిపోయింది. పైపు కింద పడేసి, తడికాళ్ళతోనే వంటగదిలోకి వెళ్ళి, పొయ్యి గట్టు రావాల్సిన చోట నిలబడి బయటికి చూసింది. చూస్తూ ఉండిపోయింది. పైపు నీళ్ళు గచ్చంతా పారుతున్నాయి.

"తీసిన్రా చెల్లె. నేను ఎవరికీ చెప్పుకోలె. నీకెట్ల తెలిసింది?"

నేను గౌరయ్యను చూశాను. ఎప్పుడూ ఏదో ఒకటి అనే మనిషి ఇటుకల వైపు తిరిగాడు.

"శనివారం కాలేజీ పిల్లలు వస్తున్నరక్కా, ఇల్లు సూడనీకి."

"రానీ. చాయ్ పెడత."

"వాళ్ళ కోసం తీపిచ్చిన్రు."

"అయితే?"

"వాళ్ళు పోయినంక..."

మిగిలింది గౌరయ్యే మెల్లగా అన్నాడు, "మళ్ళ పెట్టుడే ఉమమ్మా."

అక్క వెళ్ళి పైపు కట్టేసి వచ్చింది. ఏడవలేదు. కొంగుతో చేతులు తుడుచుకుంది.

సార్ చెప్పిన కారణమే చెప్పాను. బూడిద వస్తుందని.

"బూడిద వస్తదని నాకు జెప్తున్నవా చెల్లె? నేను గా మిల్లులనే పనిచేసిన. నువ్వు ఇల్లు గీసేటప్పుడు మిల్లులు బందున్నయ్, నీకు తెల్వది. నాకెందుకు తెల్వది?" కిటికీలోంచి రోడ్డు చూపించింది. "శాంతమ్మ, మా జట్టు ఆడోళ్ళంత షిఫ్టు దిగి గీ రోడ్డు మీదికెల్లే పోతరు. ఈయన సూపర్‌వైజర్ అయినంక నన్ను మిల్లుకు పోనిస్తలేడు. కిరాయింట్ల వంటగది చీకటి. నేను ఒక మనిషితోని మాట్లాడక ఎంత కాలమైందో. పాలు పొయ్యి మీద పెట్టి నిలవడితే, వాళ్ళు పోతుంటే ఒక మాట అంటరు, నేనొక మాట అంట. బూడిద పడితే తుడుచుకుంట. మనుషులు కనవడకుంటె ఏం తుడుచుకోవాలె?"

"ఈ మాట సార్‌కు చెప్పకపోయినవా అక్కా?"

"చెప్పనీకే పీట తెచ్చిన గదనే."

నాకు అర్థం కాలేదు.

"ముగ్గు పోసిన్నాడు. పేపర్ల సార్ రాసిండు గద, పీట ఏసి కూసోవెట్టి అడుగుతమని. అది చదివే ఈ సార్ దగ్గరికే పోదామని ఈయనతోని కొట్లాడిన. ముగ్గు పోసిన్నాడు మా పీట ఆటోల ఏసుకొని తెచ్చిన. సార్ రాలె, నువ్వొచ్చినవ్. నువ్వూ గౌరయ్య దారం పట్టుకొని కాయితం సూసుకుంట ముగ్గు పోసుకుంట పోతున్నరు. అడుగుతరేమో, అడుగుతరేమోనని సూసిన. ఇగ గా పక్కకేసుకొని కూసున్న."

ఆ పీట నాకు గుర్తుంది. ఎర్రరంగు వేసిన పీట, ఒక కాలు దగ్గర రంగు పోయింది. పూజకు తెచ్చిందనుకున్నాను. ఆమెను లేపి, దాని మీద టెంకాయ, పసుపు, కుంకుమ పెట్టాను.

వ్యాసం నాకు నోటికి వచ్చు.

మధ్యాహ్నం షిఫ్టు దిగి నాగేష్ అన్న వచ్చాడు. కనుబొమల మీద కూడా బూడిద. నీళ్ళ డ్రమ్ము దగ్గర మొహం కడుక్కుంటుంటే దగ్గు తెర వచ్చింది, తగ్గేదాకా డ్రమ్ము పట్టుకుని వంగి ఉన్నాడు. తలెత్తి కిటికీ చూశాడు.

"గిదేంది, మళ్ళ తీసిన్రు?"

"నేను కావాల్నంటున్న" అంది అక్క.

"నీకు బుద్ధున్నదా? రోజంత మిల్లుల మింగేది సాల్తలేదా? ఇంట్లనన్న జర మంచి గాలి పీల్చుకుందామనే గదనే మూపిచ్చిన. నీకు గూడ ఈ దగ్గు వస్తే?"

"నాకోసం మూపిచ్చినవా?"

"మరి ఎవల కోసం?"

"నన్ను అడిగినవా?"

"నువ్వు చెప్పినవా?"

గౌరయ్య తాపీ కడగడం మొదలుపెట్టాడు, ఒకసారి కడిగిందే మళ్ళీ. నేను వాళ్ళిద్దరిలో ఎవరిమీద కోపం తెచ్చుకోవాలో తెలియక నిలబడ్డాను. నాగేష్ అన్నను తిట్టుకుంటూ వచ్చాను ఇన్నిరోజులు.

జాలీ పెట్టొచ్చు, అద్దం రెక్కలు పెట్టొచ్చు, కిటికీని పక్కగోడకు జరిపి రోడ్డు కనపడేలా చేయొచ్చు. బస్సులో వస్తూ మూడు రకాలుగా గీశాను కూడా. గీసి కొట్టేశాను. అడగకుండా గీసిందే కదా అసలు తంటా.

"సార్ ఏమంటడో అదే చేద్దాం చెల్లె" అన్నాడు చివరికి నాగేష్ అన్న, అలసిపోయి. అక్క కూడా తలూపింది. ఇంత అయ్యాక కూడా ఇద్దరికీ సార్ మాట మీదే నమ్మకం. ఇద్దరూ నా వైపు చూశారు, సార్ నా సంచిలో ఉన్నట్టు.

వచ్చేటప్పుడు అక్క గేటు దాకా వచ్చింది. "శనివారం సార్ వస్తడు గద? పీట తేవాల్నా?" అని అడిగింది. ఎగతాళి చేస్తోందేమోనని మొహంలోకి చూశాను. లేదు. నిజంగానే అడుగుతోంది.


నవంబరు 21, శుక్రవారం

పొద్దున ఆఫీసు తెరిచాను. సార్ రాలేదు, సైటుకు వెళ్ళారు. ఊడ్చాను. చున్నీ మీద మరక రెండుసార్లు ఉతికినా పోలేదు.

మానేస్తాను అని రాసి కొట్టేస్తున్నాను. మానేస్తే ఏమవుతుంది, ఆ స్లైడు ఇంకొకరు మారుస్తారు.

సార్‌కు పంపేది ముందు ఇక్కడ రాసుకుంటున్నాను. ఫోన్లో రాస్తే సగంలోనే పంపేస్తాను, నా సంగతి నాకు తెలుసు.

*

సార్, ఉమారాణి అక్క ముగ్గు పోసిన రోజు పీట తెచ్చుకుంది. మీరు పేపర్లో రాసింది చదివి, ఆటోలో వేసుకుని తెచ్చుకుంది. ఆ రోజు మీకు కోదాడలో క్లాసు ఉంది. ఇదే పాఠం. నన్ను పంపారు. నేను ఆ పీట మీద టెంకాయ పెట్టాను.

మీరు రాసింది ఉత్తదని నేను అనను. ఉత్తదైతే ఆమె పీట మోసుకుని వచ్చేది కాదు. నేను గీయడం నేర్చుకునేదాన్ని కాదు. ఆ శ్రీజ కుర్చీలో కూర్చుని చెయ్యి చూపించేది కాదు. మేము ముగ్గురం మిమ్మల్ని నమ్మాం. మీరే నమ్మడం మానేశారు.

బూడిద నిజమే, నా కళ్ళతో చూశాను. ఆయన దగ్గు నిజం. ఆమె ఒంటరితనం నిజం. ఈ మూడింటిలో ఒక్కటీ నా బొమ్మలో లేదు, మీ చాప్టర్లోనూ లేదు.

రేపు పిల్లల బస్సు రాకముందే మీరు మిర్యాలగూడ రావాలి. వాళ్ళిద్దరినీ ఆ వంటగదిలో కూర్చోబెట్టి అడగాలి. కొట్లాడుకుంటే కొట్లాడుకోనివ్వండి, మీరు మాత్రం అక్కడే ఉండండి. కిటికీ ఉండాలని తేలితే ఎలా ఉండాలో అప్పుడు గీద్దాం. పోవాలని తేలితే పోనివ్వండి. పోతే, కట్టిన కిటికీని ఎందుకు మూయాల్సి వచ్చిందో పుస్తకంలో ఉన్నదున్నట్టు రాయాలి. మీరు చెప్పండి, నేను టైపు చేస్తాను. అప్పటిదాకా ఆ చాప్టరు ప్రెస్సుకు పంపను. ప్రూఫ్ అయిందని చెప్పింది అబద్ధం.

మీరు రాకపోతే బస్సు దిగిన పిల్లలకు నేనే చెబుతాను, ఈ కిటికీ మీ కోసం నిన్నమొన్న తెరిచారు, మీరు వెళ్ళగానే మూస్తారు అని. ఆ ఇటుకలు గోడవారనే పేర్చి ఉన్నాయి, అవి కూడా చూపిస్తాను. తర్వాత మీరు నన్ను తీసేసినా సరే.

పీట తేవాలా అని ఉమారాణి అక్క అడిగింది. ఆమెకు నేనింకా ఏమీ చెప్పలేదు. తెమ్మని చెప్పాలో, వద్దని చెప్పాలో, ఇవాళ సాయంత్రం ఆరింటిలోపు మీరు నాకు చెప్పాలి.